కార్లైల్ దంపతుల ఏకాంతవాసము

స్కాట్లండు దక్షిణభాగమున డంఫ్రీస్ అను పట్టణము కలదు. అచ్చటినుండి పదునాఱు మైళ్లు కొండదారిని పోయినచో క్రెయిగెన్‌పుట్టాక్ అను పొలము వచ్చును. చుట్టును బీడునేల, నల్లని చిత్తడి, అచ్చటచ్చట గొఱ్ఱెలు. వాన వచ్చిన విడువదు, శీతకాలమున మంచు కరుగదు. ఆ పొలములోని రాతియింటికి 1828వ సంవత్సరము మే నెలలో ఇద్దఱు దంపతులు కాపురమునకు వచ్చిరి. భర్తకు ముప్పదిరెండేండ్లు, భార్యకు ఇరువదియాఱు. భర్త అజీర్ణరోగి, ఏ చిన్న చప్పుడైనను నిద్రపట్టనివాడు. భార్యకు తలనొప్పులు, నిద్రలేమి. పెండ్లికి పూర్వము ఆమె ఒక జాబులో, దేవదూత తోడైనను ఆ చోట ఒక్క నెల నిలువజాలనని స్పష్టముగా వ్రాసియుండెను. తుదకు ఆమె అచ్చట ఆఱేండ్లు నిలిచెను. నిలిచినది దేవదూతతో కాదు, తామస్ కార్లైల్‌తో.

ఆంగ్లసాహిత్యముతో ఏ కొంచెమో పరిచయము గల ఉపాధ్యాయులకు కార్లైల్ పేరు క్రొత్తది కాదు. ఫ్రెంచి విప్లవ చరిత్రను అగ్నివర్షమువలె వ్రాసినవాడు. చరిత్ర యనగా మహాపురుషుల జీవితములే యని 1840లో ఉపన్యసించినవాడు. ఆ ఉపన్యాసములలో మహమ్మదు ప్రవక్తను గూర్చిన భాగమును గాంధీమహాత్ముడు లండనులో విద్యార్థిగా నున్న దినములలో చదివి గౌరవముతో స్మరించెను. నీగ్రోల దాస్యమును గూర్చి 1849లో ఇదే కార్లైల్ వ్రాసిన వ్రాతలు మాత్రము ఆయన కీర్తికి మాయని మచ్చ. మహాపురుషులను ఆరాధించుటలో అలవాటుపడిన కన్నులు సామాన్యుల బాధను చూచుటకు కొంత మొద్దుబాఱును. ఈ లోపము ఆయన గ్రంథములలోనే గాక ఆయన యింటిలోను ఉండెను.

ఆయన 1795 డిసెంబరు 4వ తేదీన ఎకిల్‌ఫెకన్ గ్రామమున జన్మించెను. తండ్రి జేమ్స్ తాపీపనివాడు. తాను కట్టిన గోడవలెనే నిటారైనవాడు, మాట తక్కువ, దైవభీతి యెక్కువ. తల్లి మార్గరెట్‌కు చదువ వచ్చునుగాని వ్రాయ రాదు. కొడుకు దూరమునకు పోయిన తరువాత అతనికి జాబులు వ్రాయుటకై ఆమె పెద్దవయసున అక్షరములు దిద్దుకొనెను. 1809లో, పదునాలుగేండ్లైనను నిండకమునుపే, ఆ బాలుడు దాదాపు నూఱు మైళ్లు కాలినడకను ఎడిన్‌బరో విశ్వవిద్యాలయమునకు పోయెను. మతబోధకుడు కావలెనని తల్లిదండ్రుల కోరిక. చదివినకొలది ఆయనకు మతసిద్ధాంతములయందు నమ్మకము సడలెను. పట్టము పుచ్చుకొనకయే బయటికి వచ్చి అన్నన్‌లోను, కర్కాల్డీలోను పిల్లలకు గణితము చెప్పెను. ఉపాధ్యాయవృత్తి ఆయనకు సరిపడలేదు. బహుశః పిల్లలకును ఆయన సరిపడియుండడు. జర్మను భాష నేర్చి గెథే రచించిన విల్‌హెల్మ్ మైస్టర్ నవలను ఆంగ్లమున కనువదించెను; షిల్లర్ జీవితమును వ్రాసెను. కర్కాల్డీ దినములలో లభించిన స్నేహితుడు ఎడ్వర్డ్ ఇర్వింగ్. ఇర్వింగ్ వలననే ఆయన జీవితము మలుపు తిరిగెను.

హేడింగ్టన్ పట్టణమున జాన్ వెల్ష్ అను పేరుగల వైద్యుడు ఉండెను. ఆయన ఏకైక పుత్రిక జేన్, 1801 జులై 14న పుట్టినది. మగపిల్లలవలె లాటిను చదువవలెనని ఆ బాలిక పట్టు. తల్లికి ఇష్టము లేదు. ఒకనాటి రాత్రి ఆమె బల్ల క్రింద దాగి, తాను రహస్యముగా నేర్చుకొన్న లాటిను శబ్దమును విభక్తులతో వల్లించి, ఒక్క పరుగున తండ్రి యొడిలోనికి పోయి, తనను మగపిల్లవానిగా నుండనిమ్మని వేడుకొనెను. తండ్రి ఒప్పుకొనెను. వర్జిల్ కావ్యము చదువనేర్చిన పిదప, ఇక బొమ్మలతో ఆడుట తగదని తలచి, తన బొమ్మకు చితి పేర్చి డిడో రాణివలె దహనము చేసెను. మంట లేచినంతనే బిగ్గఱగా ఏడ్చెను. ఈ రెండు గుణములును, పట్టుదలతో నిప్పంటించుటయు, వెంటనే కన్నీరు కార్చుటయు, ఆమెను కడవఱకు విడువలేదు. 1819లో తండ్రి ఒక రోగికి చికిత్స చేయుచు ఆ జ్వరమే సోకి మరణించెను. అప్పటికామెకు పదునెనిమిదేండ్లు.

ఇర్వింగ్ ఆమెకు చిన్ననాటి గురువు. వారిద్దఱి నడుమ అనురాగము మొలకెత్తెను. కాని ఆయనకు అంతకుముందే వేఱొక కన్యతో నిశ్చయమైయుండెను, మాట తప్పలేదు. 1821 మే నెలలో ఆయనయే కార్లైల్‌ను వెంటబెట్టుకొని హేడింగ్టన్‌కు వచ్చెను. ఆ పల్లెటూరి యువకుని వేషము మోటు, ఉచ్చారణము మోటు. నోరు తెఱచినచో మాత్రము ప్రవాహము. జేన్ ఆయన మాటలయందు మోహపడెనుగాని ఆయనయందు గాదు. జర్మను పుస్తకముల పట్టికలతో జాబులు మొదలయ్యెను. ఎప్పటికిని స్నేహితురాలినే, ఎన్నటికిని భార్యను గాను అని ఆమె తేటతెల్లముగా వ్రాసెను. ఐదేండ్లు జాబులు నడచెను. ఆ జాబులే వారిని కట్టివేసెను. తక్కిన దంపతులు చూపులతో ప్రేమించుకొందురు. వీరు తపాలా ద్వారమున ప్రేమించుకొనిరి. ఎదుటనున్నప్పుడు కలహించి, దూరమైనప్పుడు దినమునకొక జాబు వ్రాసికొను అలవాటు నలువదేండ్లు సాగినది.

వివాహము 1826 అక్టోబరు 17న జరిగెను. పెండ్లి దగ్గఱపడినకొలది ఇద్దఱికిని భయము పట్టుకొనెను. వరుడు మనస్సు కుదుటబఱచుకొనుటకు కాంట్ తత్త్వగ్రంథమును చదువ మొదలిడి, అది మింగుడుపడక స్కాట్ నవలలలో తలదాచుకొనెను. పెండ్లి ముగిసి క్రొత్తయింటికి పోవుదారిలో మూడు చుట్టలు కాల్చుకొనుటకు, ఎవరును తప్పు పట్టకుండ, వధువునుండి ముందుగా అనుమతి కోరెను. ఎడిన్‌బరోలోని కామ్లీ బ్యాంక్ వీధిలో ఒకటిన్నర సంవత్సరము కాపురము. స్నేహితులు వచ్చిరి, విమర్శకుడు జెఫ్రీ వచ్చెను, జేన్ మాటలకు అందఱును ముగ్ధులైరి. కాని సొమ్ము లేదు. పట్టణపు చప్పుడు కార్లైల్ నరములకు ముల్లువలె గుచ్చుకొనెను. క్రెయిగెన్‌పుట్టాక్ జేన్ పుట్టింటివారి ఆస్తి. అచ్చట అద్దె లేదు, చప్పుడు లేదు, గుఱ్ఱపుస్వారికి కావలసినంత చోటున్నది. సోదరుడు అలెగ్జాండర్ పొలము చూచును, తాను వ్రాసికొనును. జేన్ ఏమి చేయును? ఈ ప్రశ్న ఆయనకు తోచినట్లు కనబడదు.

ఆ యింటి నిశ్శబ్దమును గూర్చి చాల కథలు గలవు. గాలి నిలిచిన దినమున దూరమున గొఱ్ఱెలు గడ్డి కొఱుకు చప్పుడు వినబడెడిదని చెప్పుకొందురు. తపాలా కావలెనన్నను డంఫ్రీస్‌కు మనిషి పోవలెను. కార్లైల్ ఉదయమున వ్రాతగదిలోనికి పోవును. అచ్చటికి ఎవరును రారాదు. మధ్యాహ్నము ఒంటరిగా స్వారి చేయును. సాయంకాలము అలసి, కడుపునొప్పితో, పలుకక కూర్చుండును. జేన్ కోళ్లను పెంచెను, ఇల్లు చక్కబెట్టెను, చూరు క్రింద గూడు కట్టుకొన్న వానకోయిలను సంబోధించి ఒక పద్యమల్లెను. ఆ పద్యము చదివినవారికి ఆమె మాటలాడుటకు పిట్ట తప్ప తోడు లేకుండెనా అని తోచక మానదు. అయినను అదియంతయు చెఱసాల గాదు. ఇద్దఱును స్పానిషు భాష నేర్చి, డాన్ కిహోటే గ్రంథమును దినమునకొక అధ్యాయము చొప్పున కలిసి చదివిరి. బీడునేల నడుమ, మంచులో, ఒక భార్యయు భర్తయు గాలిమరలతో యుద్ధము చేయు వెఱ్ఱివీరుని కథ చదివికొని నవ్వుకొను దృశ్యము ఊహించుకొనదగినది. తమ కథయే తాము చదువుచున్నట్లు వారికి ఒక్కనాడైనను తట్టెనో లేదో.

డంఫ్రీస్ రొట్టె కార్లైల్ కడుపునకు పడలేదు. కావున ఇంటనే కాల్చవలెను. వైద్యుని గారాబుబిడ్డకు అంతవఱకు వంట తెలియదు. పుస్తకము చూచి పిండి కలిపి పొయ్యిలో పెట్టునప్పటికి నిద్రవేళయయ్యెను. ఒంటిగంట కొట్టెను, రెండు కొట్టెను, మూడు కొట్టెను. భర్త నిద్రించుచుండెను, పనికత్తె నిద్రించుచుండెను. ఆమె ఒళ్లు విఱిగినట్లై, బల్లపై తలవాల్చి వెక్కివెక్కి ఏడ్చెను. అప్పుడు ఇటలీ శిల్పి చెల్లీని జ్ఞప్తికి వచ్చెను. పెర్సియస్ కంచువిగ్రహము పోతపోసిన రాత్రి అతడును ఇట్లే కొలిమి యెదుట జాగరము చేసెను గదా! విగ్రహమునకైనను రొట్టెకైనను కావలసిన ఓర్పు, పట్టుదల, ఉపాయము ఒక్కటియే యని ఆమెకు తోచెను. దాదాపు ముప్పదేండ్లకు, 1857లో, ఆమె ఈ సంగతి ఒక స్నేహితురాలికి జాబులో వ్రాసెను. ఆంగ్లమున అంతకు మించిన జాబులు చాల తక్కువ. తన భర్త గ్రంథములను గూర్చి ఎందఱో ప్రశంసలు వ్రాసిరి. ఆ రొట్టెను గూర్చి వ్రాసినది ఆమె యొక్కతెయే.

గెథే మహాకవితో ఉత్తరప్రత్యుత్తరములు ఈ ఏకాంతమున కొక దీపము. వైమర్ నగరమునుండి పుస్తకములు, బహుమానములు వచ్చెడివి. జేన్ తన వెండ్రుకల పాయ నొకదానిని కవికి పంపి, ప్రతిగా ఆయన కేశములను కోరెను. ఎనుబదేండ్ల వృద్ధుడు తనకిక ఇచ్చుటకు జుట్టు మిగులలేదని విచారముతో జవాబు వ్రాసెను. షిల్లర్ జీవితమునకు 1830లో జర్మను అనువాదము వెలువడినప్పుడు గెథే దానికి పీఠిక వ్రాసి, క్రెయిగెన్‌పుట్టాక్ ఇంటి చిత్రమును గూడ చేర్పించెను. స్కాట్లండులోనే ఎవరును ఎఱుగని ఆ పొలమిల్లు ఆ విధముగా జర్మనీలో ప్రసిద్ధికెక్కెను.

ఆ యింటనే 1830, 1831 సంవత్సరములలో సార్టర్ రిసార్టస్ గ్రంథము పుట్టెను. మానవుని ఆచారములు, మతములు, రాజ్యములు అన్నియు ఆత్మ తొడుగుకొను ఉడుపులేయని చెప్పు విచిత్రగ్రంథమది. మొదట చదివినది జేన్. ప్రతిభావంతుని రచన యని మొదట పలికినదియు ఆమెయే. కార్లైల్ దానిని పట్టుకొని లండను వెళ్లెను. ఏ ప్రకాశకుడును ముట్టలేదు. ఆయన అచ్చటనుండగనే 1832 జనవరిలో తండ్రి మరణించెను. కడకు ఆ గ్రంథము 1833, 34లలో ఫ్రేజర్స్ పత్రికలో తునుకలుగా వెలువడి, పాఠకులకు కోపము తెప్పించెను. 1833 ఆగస్టులో అమెరికానుండి ఒక యువకుడు డంఫ్రీస్‌లో బండి కట్టించుకొని ఆ కొండదారిని వెదకికొని వచ్చెను. ఆయన ఎమర్సన్. ఒక్క రాత్రి ఉండెను. ఇద్దఱును కొండలపై నడచుచు ఆత్మ అమరత్వమును గూర్చి మాటలాడిరి. ఆ మఱునాడు ఆయన వెళ్లిపోయిన తరువాత ఇల్లు మునుపటికంటె ఎక్కువ నిశ్శబ్దమైనట్లు దంపతులకు తోచియుండును. ఆ తరువాతి సంవత్సరమే వారు కొండదిగిరి.

ఈ ఆఱేండ్లను గూర్చి తరువాతివారు రెండు పక్షములైరి. జేన్ పనికత్తెవలె క్రుంగిపోయెనని కొందఱు, ఆ దినములలో ఆమె వ్రాసిన జాబులు ఉల్లాసభరితములని మఱికొందఱు. రెండును నిజములే. ఆమె ఎంత బాధలోనైనను హాస్యము విడువని మనిషి; ఆ హాస్యమును చూచి బాధ లేదనుకొనుట పొరపాటు. కార్లైల్‌కు అది తన శక్తి పక్వమైన కాలము. జేన్‌కు అది ఎడారి. ఒకే ఇంట, ఒకే కప్పు క్రింద, ఒకే వానను చూచుచు వారు రెండు వేఱువేఱు ఊళ్లలో కాపురముండిరి. అయినను ఒకరిని విడిచి యొకరు ఉండజాలకపోయిరి. తనకు నీడ నిచ్చు చెట్టునే రాత్రింబవళ్లు గొడ్డలితో తాకుచుండు మనిషి యెట్టివాడో కార్లైల్ అట్టివాడు. ఆ గొడ్డలిదెబ్బలను లెక్కించుచు, అయినను నీడ తగ్గనీయని చెట్టు ఆమె.

1834లో లండనులోని చెల్సీ ప్రాంతమున, చేనీ రో వీధిలో సంవత్సరమునకు ముప్పదియైదు పౌనుల అద్దెకు ఒక ఇల్లు కుదిరెను. జేన్ పంజరములోని చిన్న పాటపిట్టను వెంటబెట్టుకొని వచ్చెను. తక్కిన జీవితమంతయు ఆ యింటనే. మఱుసటి సంవత్సరము మార్చి 6వ తేదీ రాత్రి జాన్ స్టూవర్ట్ మిల్ ముఖమున నెత్తురుచుక్క లేకుండ వాకిట నిలిచెను. చదువుటకు తీసికొనిపోయిన ఫ్రెంచి విప్లవము మొదటి సంపుటము వ్రాతప్రతిని ఒక పనికత్తె చిత్తుకాగితములనుకొని తగులబెట్టెను. నకలు లేదు. దంపతులు ఆ రాత్రి చాలసేపు మిల్‌నే ఓదార్చిరి. ఆయన వెళ్లిన తరువాత కార్లైల్ భార్యతో మొట్టమొదట పలికిన మాట, పాపము మిల్ చాల క్రుంగిపోయెను, మన నష్టమెంతటిదో అతనికి తెలియనీయరాదు అని. ఇట్టి ఔదార్యముగల మనిషియే కోడి కూసినచో ఇల్లు పీకి పందిరి వేసెడివాడు. ఆ సంపుటమును మరల మొదటినుండి వ్రాసెను. గ్రంథము 1837లో వెలువడి ఆయనను ప్రసిద్ధుని చేసెను.

ప్రసిద్ధితో అతిథులు వచ్చిరి. డికెన్స్, టెన్నిసన్, మజ్జినీ మొదలగువారందఱును ఆ యింటి గడప త్రొక్కిరి. కొందఱు కార్లైల్ ఉపన్యాసము వినవచ్చి, జేన్ చెప్పు కథలకై మరల వచ్చిరి. చప్పుడు మాత్రము కార్లైల్‌ను లండనులోను వెంటాడెను. ప్రక్కయింటి పియానో, వీధివాద్యములు, కుక్కలు, అన్నింటిని మించి పొరుగువారి కోళ్లు. పొరుగువారికి మర్యాదగా జాబులు వ్రాయుట, సొమ్ము చెల్లించుట, బతిమాలుట అన్నియు జేన్ వంతు. 1853లో ఇంటిపైన చప్పుడు చొరబడని గది యొకటి కట్టింప నిశ్చయించిరి: రెండు వరుసల గోడలు, కిటికీలు లేవు, పైకప్పున అద్దము. పని జరుగునపుడు ఒక కూలి కప్పు విఱిగి దిగువగదిలో పడెను. ఖర్చు నూటడెబ్బది పౌనులకు చేరెను. ముగిసిన తరువాత చూడగా ఇంటిలో అన్నింటికంటె ఎక్కువ చప్పుడు వినబడునది ఆ గదియే. క్రెయిగెన్‌పుట్టాక్‌ను లండను నడిబొడ్డున ఇటుకలతో కట్టజూచుట అది. అచ్చటనే కూర్చుండి ఆయన ఫ్రెడరిక్ మహారాజు చరిత్రను ఆఱు సంపుటములుగా వ్రాసెను. 1858నుండి 1865 వఱకు అవి వెలువడెను. ఆ యేండ్లలో జేన్ ఆయనను చూచినది భోజనముకడ మాత్రమేయనిన తప్పు లేదు.

1855 ఫిబ్రవరిలో ఇంటిఖర్చునకు డబ్బు చాలక, ఆమె పార్లమెంటులో ఆర్థికమంత్రి చదువు బడ్జెటువలె ఒక విజ్ఞాపనము వ్రాసి భర్త బల్లపై పెట్టెను. వెన్న ధర, బొగ్గు ధర, పనికత్తె తిండి అన్నియు అంకెలతో. ఆయన విరగబడి నవ్వి, తెలివితేటలకు మెచ్చి, అడిగినది ఇచ్చెను. అదే సంవత్సరము ఆదాయపు పన్ను అధికారుల యెదుటికి పోవలసివచ్చినప్పుడు ఆయన ఇంటనే కూర్చుండెను. ఆమె పోయి వాదించెను. ఆ దినములలోనే ఆమె ఒక దినచర్యపుస్తకము వ్రాయుచుండెను. అది ఆయన చూడలేదు. హారియట్ అను సంపన్నురాలైన దొరసానియందు కార్లైల్‌కు కలిగిన అత్యంతాదరము జేన్‌ను పుండువలె తినుచుండెను. దొరసాని ఇంట విందులు, దొరసాని రైలులో ప్రయాణములు, ఆమె పిలుపు వచ్చినచో వ్రాతపని సైతము నిలుచుట! అందు అనుచితమేమియు లేకున్నను, ఇంట లేని సమయము అచ్చట ఎట్లు దొరకుచున్నదని జేన్ ప్రశ్న. 1849నుండి ఆమెకు తోడు నీరో అను చిన్న తెల్లకుక్క. ఆ కుక్క పేరిట భర్తకు జాబులు వ్రాసెడిది. మనిషి చెప్పజాలనిది కుక్క చెప్పెడిది.

ఇట్టి కాపురమున ప్రేమ లేదనువారు 1846 జులై సంగతి వినవలెను. తల్లి పోయిన 1842నుండి జేన్ పుట్టినదినమునకు కార్లైల్ తప్పక ఒక కానుక పంపెడివాడు. ఆ యేడు కలహించి ఆమె లివర్‌పూల్ సమీపమున స్నేహితుల ఇంట నుండెను. జులై 14న తపాలాకచేరికి తానే పోయి అడిగెను. జాబు లేదనిరి. గదిలో తలుపు వేసికొని, ఆయన కోపముతో పంపలేదా, జబ్బుపడెనా అని పరిపరివిధముల కుమిలిపోయెను. కొంతసేపటికి తపాలాకచేరి ఆమెయే పొరపాటున జాబు వేఱుచోట పెట్టితినని పంపెను. కానుకయు, ఆశీస్సులును వచ్చియేయుండెను. జేన్ అప్పుడు వ్రాసిన జాబు చదివినవారికి, ఆ నలువదేండ్లు ఆమెను ఏది పట్టి నిలిపెనో అర్థమగును. సంవత్సరమంతయు ఆకలి, ఒక్కనాడు పిడికెడన్నము. ఆ పిడికెడే అమృతము.

1863లో ఆమె వీధిలో పడి గాయపడెను. నరముల నొప్పి భరింపరానిదయ్యెను. సంవత్సరమునకు పైగా మృత్యుముఖమున నుండి, 1864 శరత్తున ఇంటికి తిరిగివచ్చెను. అప్పుడు కార్లైల్ ఆమెకు సొంతబండి కొనియిచ్చెను. మరునాటికి మరునాడే కొనవలసినది ముప్పదేండ్లకు కొనబడెను. 1866 ఏప్రిలు 2న, ఒకనాడు కాలినడకను పోయిన ఎడిన్‌బరో విశ్వవిద్యాలయమునకు రెక్టరుగా ఎన్నికై ఆయన ఉపన్యసించెను. జయప్రదమని లండనుకు తంతి వచ్చెను. జేన్ ఆ సాయంకాలము ఫార్‌స్టర్ ఇంట విందులో నుండి, డికెన్స్‌కు ఒక కథ చెప్పెను. తన వీధిలో ఎదుటనున్న ఒక ఇంటిని బయటినుండి మాత్రమే చూచి, తెరలు, బండ్లు, వచ్చిపోవువారిని గమనించి అల్లిన కథ. మహానవలాకారుడు ముగ్ధుడై విని, తక్కినది తరువాత చెప్పవలెనని కోరెను. అది చెప్పబడలేదు.

ఏప్రిలు 21న మధ్యాహ్నము ఆమె బండిలో హైడ్ పార్కుకు పోయెను. ఒక స్నేహితురాలి చిన్నకుక్క తోడుండెను. నీరో చనిపోయి ఆఱేండ్లయ్యెను. దానిని కొంచెము పరుగెత్తనీయగా వేఱొక బండి చక్రము దాని కాలికి తగిలెను. జేన్ దిగి, దానిని ఎత్తుకొని, మరల బండిలో కూర్చుండెను. బండివాడు తోటచుట్టును తిప్పుచుండెను. ఎంతకును ఆజ్ఞ లేదు. అనుమానించి చూడగా ఆమె చేతులు ఒడిలో నుంచుకొని కూర్చున్నట్లే మరణించియుండెను. కార్లైల్ కాలు బెణికి స్కాట్లండులోనే ఆగియుండెను. తంతి డంఫ్రీస్‌లో అందెను. ఆ దినమే ఆమె తపాలాలో వేసిన జాబు ఆయనకు తంతి తరువాత చేరెను. హేడింగ్టన్‌లో తండ్రి సమాధిలోనే ఆమెను ఉంచిరి.

అటుపిమ్మట ఆయన ఆమె కాగితములు విప్పెను. వేలకొలది జాబులు, 1855, 56ల దినచర్య. ప్రక్కగదిలో ఇన్నియేండ్లు ఎవరు కాపురముండెనో ఆయన అప్పుడు తెలిసికొనెను. ప్రపంచమునకు ధర్మము బోధించినవాడు డెబ్బదియేండ్ల వయసున, మాటాడుటకు ఎవరును లేని ఇంట, ఒక్కొక్క జాబునకు వ్యాఖ్య వ్రాయుచు, తనపై తానే నేరపత్రము కూర్చుకొనెను. అందు దాచినది లేదు, సమర్థించుకొన్నది లేదు. 1871లో ఆ కట్టను ఫ్రూడ్ అను చరిత్రకారునికి అప్పగించెను. ఫ్రూడ్ దానిని కార్లైల్ మరణానంతరము 1883లో మూడు సంపుటములుగా ప్రకటింపగా ఆంగ్లదేశము అట్టుడికినట్లుడికెను. దేవుడు వీరిద్దఱికి ముడిపెట్టుట మంచిదే, లేనిచో ఇద్దఱికి బదులు నలుగురు దుఃఖించెడివారు అని శామ్యూల్ బట్లర్ పరిహసించెను. మాట చమత్కారమైనది. కాని ఆ జాబులు చదివినవాని నోట రాదగినది కాదు. 1970లో ఆరంభమైన వారి లేఖల సమగ్రముద్రణము దాదాపు ఏబది సంపుటముల వఱకు సాగినది. అందు జేన్ లేఖలున్న పుటలను తిరుగవేయువారు కార్లైల్ పుటలను దాటుకొనిపోవుట కద్దు. ఒక్క పుస్తకమైనను వ్రాయక ఆమె రచయిత్రియైనది.

1867లో కార్లైల్ క్రెయిగెన్‌పుట్టాక్ పొలమును, పేదవిద్యార్థుల వేతనములకై, ఎడిన్‌బరో విశ్వవిద్యాలయమునకు ధారపోసెను. వేతనములకు జేన్ తండ్రి పేరు పెట్టెను. 1874లో ప్రధాని డిజ్రేలీ బిరుదును, భరణమును ఇవ్వజూపగా వలదనెను. కుడిచేయి వణకుటచే వ్రాత నిలిచిపోయెను. హైడ్ పార్కువైపు పోవునపుడు, ఆమె కడసారి ప్రాణముతో కనబడినదని చెప్పిన చోటికి రాగానే, వాన కురియుచున్నను ఆ వృద్ధుడు టోపీ తీసి నిలిచెడివాడు. 1881 ఫిబ్రవరి 5న చేనీ రో ఇంట కన్నుమూసెను. వెస్ట్‌మిన్‌స్టర్ ఆబీలో మహాపురుషుల నడుమ సమాధి యిత్తుమనిరి. ఆయన ముందే వలదని చెప్పియుండెను. ఎకిల్‌ఫెకన్ గ్రామమున తాపీపనివాని ప్రక్కను, జాబు వ్రాయుటకై అక్షరములు నేర్చిన తల్లి ప్రక్కను ఆయనను పూడ్చిరి. జేన్ హేడింగ్టన్‌లో ఉన్నది.